శరత్ నవలా వారసత్వం – భానుమతి ‘బాటసారి’: ఒక పరిశీలన

ఉపోద్ఘాతం

ఒక నవలాకారుని వారసత్వాన్ని అనువాదకులు, ప్రచురణకర్తలు మాత్రమే నిలపరు. అతని పాత్రకు రూపాన్నీ గొంతునూ ఇచ్చిన నటి కూడ నిలుపుతుంది. శరత్‌చంద్ర ఛటోపాధ్యాయ (1876–1938) తెలుగువారికి పరాయివాడనిపించకపోవడానికి చక్రపాణి అనువాదాలు ఒక కారణం. ‘దేవదాసు’ (1953), ‘తోడికోడళ్ళు’ (1957) వంటి చిత్రాలు మరొక కారణం. బెంగాలీ ఎరుగని సబ్బవరం వంటి ఊళ్ళ పాఠకునికి శరత్తును చేరువ చేసే దారులు ఇవే. ఈ క్రమంలో భానుమతీ రామకృష్ణ చేసిన పనిని విలువ కట్టడం ఈ వ్యాసం ఉద్దేశం.

మూలం – రూపాంతరం

‘బడదీదీ’ 1907లో ‘భారతి’ అనే బెంగాలీ పత్రికలో వెలువడింది, 1913లో పుస్తకమైంది. భరణీ సంస్థ దీనిని 1961లో తెలుగులో ‘బాటసారి’గాను, తమిళంలో ‘కానల్ నీర్’గాను నిర్మించింది. భానుమతి భర్త పి.ఎస్. రామకృష్ణారావు దర్శకుడు. మాధవిగా భానుమతి, సురేంద్రగా అక్కినేని నాగేశ్వరరావు నటించారు. అదే సంస్థ 1964లో ‘వివాహబంధం’ కోసం మళ్ళీ వంగదేశపు కథవైపే చూసింది. కనుక ‘బాటసారి’ని ఆ అభిరుచిలో భాగంగా చూడాలి.

శీర్షికలో జరిగిన మార్పు

మూలంలో శీర్షిక స్త్రీది. బడదీదీ అంటే పెద్దక్క. చెల్లెలు ప్రమీల పిలిచే ఆ పిలుపు ఇల్లంతటికీ అలవాటవుతుంది. తన అవసరాలు తానెరుగని ఉపాధ్యాయుడు సురేంద్రకూ అదే దిక్కవుతుంది. మాధవి చిన్న వయసు వితంతువు. ఆమె అనురాగానికి పేరు పెట్టే హక్కు సమాజం ఇవ్వలేదు. అక్క అనే పిలుపు ఆ అనురాగానికి నీడ, సంకెల కూడ. తెలుగు శీర్షిక ఈ ద్వంద్వాన్ని వదలి, దృష్టిని దారి తప్పిన పురుషునివైపు మళ్ళించింది. సానుభూతి అతనికి పెరిగినకొద్దీ ఆమె మౌనం వెనుకబడే ప్రమాదముంది.

నటి చేసిన దిద్దుబాటు

ఆ లోపాన్ని పూరించినది పాత్రధారణ. నవలలోని మాధవి నవయౌవనంలో ఉన్న యువతి. భానుమతి (జననం 1925) అప్పటికి ముప్పై దాటిన, అధికారం ధ్వనించే తార. వయసుపరంగా ఇది మూలానికి దూరమే. అయినా ఇంటిని నడిపే మాధవి గాంభీర్యానికి ఆ వ్యక్తిత్వం సరిపోయింది. జాలికోసం చేయి చాచే వితంతువుగా కాక, సంయమనమే గౌరవంగా నిలిచే స్త్రీగా మాధవిని ఊహించుకునే వీలు ఇందువల్లనే కలిగింది. 1881లో రాజమహేంద్రవరంలో తొలి వితంతు వివాహం జరిపించిన కందుకూరి సంస్కరణోద్యమం పరిష్కారాన్ని చూపింది. శరత్తు పరిష్కారం చూపడు, గాయాన్ని చూపుతాడు. ఆ గాయాన్ని ఉపన్యాసంగా మార్చకుండ నిలపడమే వారసత్వ రక్షణకు గీటురాయి.

ముగింపు

భానుమతి స్వయంగా ‘అత్తగారి కథలు’ రచయిత్రి. హాస్యానికి పేరుపొందిన కలం కల ఆమె, తెరపై మాత్రం నవ్వుకు చోటులేని మాధవిని ధరించింది. రక్షణ అంటే మూలాన్ని మార్చకుండ అప్పగించడమే అయితే ‘బాటసారి’ శీర్షిక దగ్గరే తడబడింది. చెప్పని మాటను చెప్పకుండానే మరొక భాషవారికి వినిపించడం రక్షణ అయితే, ఆ పని జరిగింది. మూలాన్ని, చిత్రాన్ని పక్కపక్కన చదివే విద్యార్థి ఈ రెండు కొలతలనూ వాడాలి. ఒకదానితోనే తీర్పు చెబితే శరత్తుకూ, భానుమతికీ అన్యాయమే జరుగుతుంది.