అవ్వ మాట – అచ్చు మాట

వికీపీడియా అనే విజ్ఞాన సర్వస్వం 2001 జనవరిలో ఆంగ్లంలోను, 2003 డిసెంబరులో తెలుగులోను మొదలైంది. ఎవరైనా వ్రాయవచ్చు, ఎవరైనా దిద్దవచ్చు. అందుచేత వ్రాసినవారెవరన్న ప్రశ్న కన్నా, ఎక్కడ చూసి వ్రాశారన్న ప్రశ్నకే అక్కడ విలువ. దక్షిణాఫ్రికాలోని మనవారికి కోపం తెప్పించేది కూడా ఈ ప్రశ్నే. "మా అవ్వ చెప్పింది" అంటే చెల్లదు. పెట్టెలో దాచిన తాతగారి ఒప్పందపు కాగితం చూపినా దాదాపు అంతే.

ముందు ఆ నియమం పక్షాన చెప్పవలసినది చెబుదాము. ట్రూరో ఓడ 1860 అక్టోబరు 12న మద్రాసులో బయలుదేరి, నవంబరు 16న 342 మందితో డర్బన్ చేరింది. నేటాలుకు వచ్చిన ఓడల జాబితాలు నేటికీ ఉన్నాయి. వాటిలో పేరు, తండ్రి పేరు, వయస్సు, కులము, జిల్లా, ఊరు కనిపిస్తాయి. వాటిని చూసి "తెలుగువారు ఇందరు" అని ఉత్సాహవంతులెవరైనా లెక్కగట్టి వ్రాస్తే, స్వంత పరిశోధన అని తీసివేస్తారు. అది న్యాయమేనని మా అభిప్రాయం. పేర్లు గుమాస్తా చెవిన పడినట్లు వ్రాసినవి. మునుసామి అంటే అరవవాడా, తెలుగువాడా? జిల్లా ఉత్తర ఆర్కాడు అయితే మరీ చిక్కు. చిత్తూరు 1911 వరకు ఆ జిల్లాలోదే. ఇంటిలో ఏ భాష మాట్లాడేవారో జిల్లా పేరు చెప్పదు కదా! ఈ జాబితాలనే పరిశీలించి సురేంద్ర భానా 1991లో ఒక గ్రంథం ప్రచురించారు. అటువంటి పుస్తకాన్ని చూపితే వికీపీడియా ఒప్పుకుంటుంది. అందులో పొరపాటు ఉంటే మరొక పండితుడు పట్టుకొనగలడు.

ఇంకొక ప్రమాదం మన వార్షికోత్సవ సంచికలది. అక్కడి వ్యాసం చూసి మనం సంచికలో వ్రాస్తే, రేపు ఆ సంచికనే అక్కడ ఆధారంగా చూపుతారు. పాము తన తోకను తానే మింగినట్లు!

ఇక నియమంలోని లోటు. తెలుసుకొనదగినదంతా ఎక్కడో అచ్చయి ఉంటుందని అది నమ్ముతుంది. మన పెద్దలలో చాలామంది వేలిముద్ర వేసినవారు. తోటల యజమానులకు పత్రికలుండేవి, అధికారులకు నివేదికలుండేవి. 1872 నాటి విచారణ సంఘం ముందు కూలీలు చెప్పుకొన్న బాధలు కూడా అధికారుల నివేదిక ద్వారానే మనకు దక్కాయి. కాబట్టి "అచ్చులో చూపు" అంటే తరచుగా "దొర వ్రాసినది చూపు" అనే అర్థం.

ఈ సంగతి వికీపీడియావారికి తెలియనిది కాదు. 2011లో అచల్ ప్రభల అనే ఆయన, ముద్రిత గ్రంథాలు లేని విషయాలలో మనుషుల మాటలను ధ్వనిముద్రణ చేసి ఆధారంగా చూపే ప్రయత్నం చేశారు. మలయాళం, హిందీ, మన దేశపు సెపెడి భాషలలో జరిగింది. తెలుగు లేదు. ఆ పని మెప్పు పొందినా, సాధారణ నియమం మాత్రం మారలేదు.

మా ఆక్షేపణ ఇక్కడే. ఓడ ఏ సంవత్సరంలో వచ్చిందో అవ్వను అడగనక్కరలేదు, జాబితాను అడగాలి. కాని బారకాసులలో శ్రీరామనవమి ఎట్లా చేసేవారు, పెండ్లికి పసుపు దొరకనప్పుడు ఏమి వాడేవారు, అరవవారి ఇంటికి కోడలుగా వెళ్ళిన పిల్ల తెలుగు ఎన్నాళ్ళకు మరిచిందీ – ఇవి ఏ దొర నివేదికలో దొరుకుతాయి? ఇటువంటి మాటకు తేదీ, ఊరు చేర్చి, ధ్వనిముద్రణ ప్రతిని గ్రంథాలయంలో ఉంచినా, దొరగారి ఒక్క వాక్యం పాటి చేయదనడం మాకు మింగుడుపడలేదు.