'కూడల్': ఎద్దు కనబడింది, తాడు పట్టినవాడో?

చిత్రకారుడు తయ్యబ్ మెహతా 1970లో ఫిల్మ్స్ డివిజన్ కోసం తీసిన చిన్న సినిమా 'కూడల్'. నలుపు తెలుపు, పదహారు నిమిషాలు. కథంటూ లేదు. పేరు తమిళ మాట, మన 'కూడలి'కి చుట్టమే. బొంబాయి జనసమ్మర్దాన్నీ, బాంద్రా కబేళాలో కాళ్లు కట్టి పడేసిన ఎద్దునూ పక్కపక్కన పెడుతుంది.

మెహతా బొమ్మలు నేర్చుకోకముందు సినిమా ఎడిటింగ్ పనిలో ఉన్నవాడు. 1950ల నుంచే ఆయన కాన్వాసు మీద ఈ కట్టేసిన ఎద్దు ఉంది. 1947 అల్లర్లలో ఒక మనిషిని వీధిలో కొట్టి చంపుతుంటే కళ్లారా చూశాడు. ఆయన ముస్లిం. ఆ భయమే ఎద్దు రూపంలో తిరిగొచ్చిందంటే మేము కాదనం. ఆ పెనుగులాట చూస్తుంటే కడుపులో తిప్పుతుంది కూడా.

అయితే కబేళాలో ఎద్దు ఒక్కటే ఉండదు గదా! తాడు లాగేవాడు, కోసేవాడు, తోలు ఒలిచేవాడు, నెత్తురు కడిగేవాడు ఉంటారు. వాళ్లకది ప్రతీక కాదు, కూలి. సినిమా వాళ్ల దాకా పోలేదు. పోనీ సినిమాకు దాని హద్దులుంటాయి. విమర్శకులకేమైంది? ఎద్దు వేదన గురించి పేజీలకు పేజీలు రాశారు, పనిమంతుడి గురించి ఒక్క ముక్క లేదు. బలిని చూసే కన్ను శ్రమను చూడలేకపోవడం కులం నేర్పిన చూపే.

అందుకే మేము 'కూడల్' పక్కన దయా పవార్ 'బలుత' (1978) పెట్టి చదవమంటున్నాం. అక్కడ చచ్చిన గొడ్డు వాడకు ఆకలి తీర్చే వాటా, అవమానం కూడా. రెండూ ఒక్క కండలోనే ఉంటాయి. బొమ్మ వదిలేసింది పుస్తకం పట్టుకుంది.

ఇది కళాచర్చ మాత్రమే కాదు. 2015లో మహారాష్ట్ర ఎద్దుల వధనూ నిషేధించింది. ఇవాళ 'కూడల్' చూసేవాడికి ఆ ఎద్దు గోరక్షకుల పోస్టరులా కనబడే ప్రమాదముంది. మెహతా ఉద్దేశం అది కానేకాదు, ఆయన ఎద్దు గుంపు చేతిలో చిక్కిన మనిషి. 2016 జూలైలో ఆయన పుట్టిన గుజరాత్‌లోనే, ఊనాలో, చచ్చిన ఆవు తోలు తీసినందుకు దళిత యువకుల్ని కట్టేసి కొట్టారు. ఆ తర్వాత సురేంద్రనగర్‌లో మనవాళ్లు గొడ్ల కళేబరాలు తెచ్చి కలెక్టరాఫీసు ముందు పడేశారు, మీరే ఎత్తుకోండని.