భుజం మార్చుకునే క్షణం

సంక్రాంతికి మా కొత్తపేటలో ప్రభలు లేస్తాయి. చిన్నప్పుడు నాన్న భుజాల మీద కూర్చుని చూసేవాణ్ణి. మోస్తున్నవాళ్ళలో ఒకడు అలిసిపోతే పక్కవాడు భుజం అందించే క్షణం ఒకటుంటుంది. ప్రభ కాస్త ఒరుగుతుంది. "జాగ్రత్తరోయ్!" అని కేకలు, తిట్లు, నవ్వులు. మళ్ళీ నిలబడుతుంది. ఇద్దరు దోస్తుల యాక్షన్ కామెడీలు నాకెందుకంత ఇష్టమో ఆ క్షణంలోనే ఉందనుకుంటా. బరువు నిజంగా ఉంటుంది, మోసేవాడి పక్కన ఇంకొకడు ఉంటాడు.

జాకీ చాన్ 'ప్రాజెక్ట్ ఎ' (1983)లో గడియారం ముల్లు పట్టుకుని వేలాడి, కింద కట్టిన గుడ్డ పందిళ్ళు చించుకుంటూ నేల మీద పడతాడు. సామో హంగ్‌తో అతని కీచులాటలకి ఎంత నవ్వుతామో, ఆ పడటానికి అంత ఒళ్ళు జలదరిస్తుంది. గ్రాఫిక్స్ లేని దెబ్బలో నిజాయితీ ఉందని స్నేహితులతో చాన్నాళ్ళు వాదించాను.

2025 జూలైలో తమిళనాడులో ఒక సినిమా షూటింగులో కారు పల్టీ కొట్టించే స్టంట్ చేస్తూ ఎస్.ఎం. రాజు చనిపోయాడు. ఆ వార్త చదివాక ఆ వాదన మళ్ళీ చెయ్యడానికి నోరు రాలేదు. నేను మెచ్చుకుంటున్న నిజానికి ఖరీదు కట్టేది ఎవరు?

ఆ తర్వాత 'ఆర్.ఆర్.ఆర్.' (2022) మళ్ళీ చూశాను. గుర్రం, మోటార్ సైకిల్, తాడు, మంటలు ఉన్న వంతెన సీనే అందరికీ గుర్తు. బాగుంటుంది, కాదనను. కానీ అక్కడ బరువులో చాలా భాగం కంప్యూటరే మోసింది. ఇద్దరి ఒళ్ళూ నిజంగా పనిచేసింది 'నాటు నాటు'లో. ప్రేమ్ రక్షిత్ వేయించిన ఆ స్టెప్పులో ఒకడి కాలు అరక్షణం ఆలస్యమైతే రెండోవాడి కష్టం కూడా పోయినట్టే. చివరికి పోటీ వీళ్ళిద్దరి మధ్యే మిగులుతుంది. జెన్నీ భీమ్‌ని హుషారుపరచడం చూసి, రామ్ కాలు మడతపడినట్టు నటించి కావాలనే కూలబడతాడు. సినిమా మొత్తంలో నాకు నచ్చిన స్టంట్ ఆ పడటమే. ఎత్తూ లేదు, మంటా లేదు. దోస్తు కోసం ఓడిపోవడం ఉంది, మనకి నవ్వూ వస్తుంది.

తెర మీద నిజమైన మనుషుల చెమట కావాలని ఇప్పటికీ అంటాను. అందుకోసం ఎవరి ప్రాణమూ పోనక్కర్లేదని మాత్రం ఆలస్యంగా తెలుసుకున్నాను.

సంక్రాంతికి మా ఊరొస్తే ప్రభని ఎలాగూ చూస్తారు. కాస్త కింద భుజం మార్చుకునేవాళ్ళని కూడా చూడండి.