కంబం మీద బతుకు

తెలుగు పత్రికల్లో అబూజ్‌మాడ్ పేరు వచ్చిందంటే ఎన్‌కౌంటర్ వార్తే. ఆ అడవుల పిల్లలు 2023లో దేశమంతా చూసే టీవీ పోటీ 'ఇండియాస్ గాట్ టాలెంట్'లో గెలిచారన్న కబురు మాత్రం మన దాకా పెద్దగా రాలేదు. బస్తర్‌లోని నారాయణపూర్‌లో పోలీసు ఉద్యోగి మనోజ్ ప్రసాద్ తర్ఫీదుతో ఎదిగిన జట్టు అది. వాళ్ల ఆట మల్లకంబం.

నేలలో పాతిన టేకు కంబం మనిషిని మించిన ఎత్తుంటుంది. మొదలు లావు, పైకి పోయేకొద్దీ సన్నం, ఆపైన మెడ, కొసన గుండ్రటి బొడిపె. వెనకటి కుస్తీ వస్తాదులు ఎదిరి మల్లుడికి బదులు దీన్నే పట్టి సాము చేసేవారు. కల్యాణి చాళుక్య రాజు మూడో సోమేశ్వరుడి 'మానసోల్లాసం'లో, అంటే 12వ శతాబ్దంలోనే, మల్లస్తంభం ప్రస్తావన ఉంది. పీష్వా రెండో బాజీరావు కాలంలో బాలంభట్ట దేవధర్ దీనికి మళ్లీ ప్రాణం పోశాడు.

కంబానికి ఆముదం రాస్తారు. చర్మం ఒరుసుకుపోకుండా కాపాడేది అదే, పట్టు జార్చేదీ అదే. అందుకే బలమంతా తొడల్లో ఉండాలి. తొలి పాఠం 'అఢీ': చేతులతో కంబాన్ని వాటేసుకుని, ఒక్క ఊపున నడుము పైకి విసిరి, తలకిందులుగా కాళ్లతో బిగించాలి. ఆ బిగువు కుదిరాకే చేతులు వదలాలి. ఒక పట్టు విడిచేలోగా రెండోది దొరకాలి. ఆట మర్మమంతా ఆ సందులోనే ఉంది. అరచేతంత బొడిపె మీద నిలబడటం చూసి జనం చప్పట్లు కొడతారు గానీ, నాకు ఆ మారే పట్టే గొప్ప. గొలుసుకు వేలాడదీసిన కంబం ఆటగాడితో పాటు తిరుగుతుంది కనుక అది ఇంకా కష్టం. తాడు మల్లకంబంలో కాలి బొటనవేలికీ పక్కవేలికీ మధ్య తాడు ఇరికించి పైకి పాకుతారు.

ఈ ఆటకు ఊపు ఈమధ్యే వచ్చింది. 2019లో ముంబయిలో తొలి ప్రపంచ పోటీలు, 2022లో ఖేలో ఇండియా పోటీల్లో, ఆ ఏడే గుజరాత్ జాతీయ క్రీడల్లో చోటు. 'ఇండియాస్ గాట్ టాలెంట్' గెలుపు ఆ వరసలోనిదే. అయినా కబడ్డీకి 2014 నుంచి ఉన్నట్టు దీనికి లీగూ లేదు, వేలమూ లేదు. ఆటగాడి సంపాదనంటే ఎక్కువగా బహుమతులూ ప్రదర్శనలే. టీవీ వేదికకు ప్రమాదం కావాలి. క్రీడా పోటీల న్యాయనిర్ణేతకు తీరైన పట్టు కావాలి. ఆ రెంటి మధ్య పిల్లలు నలగకూడదన్నదే నా బెంగ.

అయితే మరో దారి ఉంది. 2020లో కేంద్రం తన ఉద్యోగాల క్రీడా కోటాలో కొత్తగా 20 ఆటల్ని చేర్చింది. వాటిలో మల్లకంబం ఒకటి. నారాయణపూర్ పిల్లవాడికి టీవీ బహుమతి కన్నా ఆ దారే ఎక్కువ కాలం అన్నం పెడుతుంది.