గమనించే కెమెరా: వాన్ డెర్ కోకెన్ ‘బావిపై కన్ను’

పరిచయం

రోజువారీ జీవితాన్ని సినిమాగా తీయడం సులభమనిపిస్తుంది. కాని కెమెరాను ఎక్కడ పెట్టాలి? ఎంతసేపు ఉంచాలి? ఎదుటివారికి తెలిసేలా పెట్టాలా, తెలియకుండానా? ఈ ప్రశ్నలకు దర్శకుడు ఇచ్చే జవాబులే అతని పద్ధతి. డచ్ దర్శకుడు యోహాన్ వాన్ డెర్ కోకెన్ (1938–2001) కేరళలో తీసిన ‘బావిపై కన్ను’ (1988) అనే డాక్యుమెంటరీ ఆధారంగా ఈ పద్ధతిని పరిశీలిద్దాం.

రెండు మార్గాలు

అదే దేశానికి చెందిన బెర్ట్ హాన్‌స్ట్రా 1963లో ‘ఆలెమాన్’ తీశాడు. సామాన్య ప్రజలను దాచిపెట్టిన కెమెరాతో చిత్రించాడు. ఆ చిత్రానికి 1964 బెర్లిన్ చిత్రోత్సవంలో బహుమతి వచ్చింది. తమను ఎవరూ చూడటం లేదనుకున్న మనుషుల సహజత్వం అందులో మనల్ని నవ్విస్తుంది. అయితే చూసేవాడికి ఉన్న స్వేచ్ఛ చూడబడేవాడికి లేదు.

వాన్ డెర్ కోకెన్ మార్గం వేరు. ఫోటోగ్రాఫర్‌గా మొదలైన ఆయన తన చిత్రాలకు కెమెరాను తానే పట్టుకునేవాడు. భార్య నోష్కా వాన్ డెర్ లేలీ శబ్దం రికార్డు చేసేది. ఇద్దరూ మనుషుల ఎదుటే నిలబడి పనిచేసేవారు. అందుకే ఆయన చిత్రాల్లో కెమెరా కూడా ఆ చోటికి వచ్చిన ఒక మనిషిలా ఉంటుంది.

చిత్ర పరిశీలన

చిత్రం పేరు ఒక కథ నుంచి వచ్చింది. పులి తరుముతుంటే ఒక మనిషి చెట్టెక్కుతాడు. బావి మీదికి వంగిన కొమ్మను పట్టుకుని వేలాడుతూ, అంత ఆపదలోనూ ఒక్క తేనెచుక్కను రుచి చూస్తాడు. మహాభారతం స్త్రీపర్వంలో విదురుడు ధృతరాష్ట్రుడికి చెప్పిన కథకు ఇది దగ్గరి చుట్టం. అక్కడ ఆ కథ వైరాగ్యాన్ని బోధిస్తుంది. ఇక్కడ దర్శకుడు ఆ తేనెచుక్క వైపే చూస్తాడు.

చిత్రంలో కలరి విద్య నేర్చుకునేవారు, వేదం వల్లించే పిల్లలు కనిపిస్తారు. ఊళ్లు తిరుగుతూ అప్పు వాయిదాలు వసూలు చేసే మనిషీ కనిపిస్తాడు. గురువు నుంచి శిష్యుడికి విద్య, ఒక చేతి నుంచి మరో చేతికి డబ్బు. ఈ రెండు ప్రవాహాలను పక్కపక్కన పెట్టడమే ఈ చిత్రం బలం. ‘పవిత్రమైన కేరళ’, ‘పేద కేరళ’ అని విడదీసి చూపితే మనకు దొరికేవి రెండు పోస్టుకార్డులు. కలిపి చూపడం వల్ల ఒక సమాజం కనిపిస్తుంది.

పరిమితి

చేతులు మారే డబ్బును కెమెరా చూపగలదు. ఆ అప్పు ఎందుకు చేశారో, వడ్డీ ఎంతో దానంతట అది చెప్పలేదు. ఆ విషయాలు అడిగి తెలుసుకోవలసిందే. పైగా అప్పు చెల్లించడం అందరూ చూడాలని కోరుకునే దృశ్యం కాదు. కెమెరాను దాచకపోవడం మర్యాదే. కాని అనుమతి ఇచ్చినవారికి ఆ చిత్రం ఎక్కడెక్కడికి వెళుతుందో తెలుసా అన్న ప్రశ్న మిగిలే ఉంటుంది.

మన ప్రాంతానికి అన్వయం

తెలుగు సినిమా కోనసీమను ఎక్కువగా పాటల నేపథ్యంగా వాడుకుంది. కొబ్బరితోట, కాలువ, పడవ తెరకు అలవాటైన దృశ్యాలు. కొబ్బరి దింపు తీసే మనిషి, కాయలు వలిచే కార్మికుడు, రొయ్యల చెరువు గట్టున రాత్రి కాపలా ఉండేవాడు తెర మీద కనిపించేది తక్కువ. ఐ.పోలవరం మండలంలోని ఎదుర్లంక నుంచి యానాం వెళ్లేవారు ఒకప్పుడు గోదావరి దాటడానికి రేవులో ఎదురుచూసేవారు. వంతెన వచ్చాక ఆ ఎదురుచూపు పోయింది. దానితో పాటు రేవు చుట్టూ అల్లుకున్న చిన్న బతుకుతెరువులూ మారాయి. పాట కోసం వచ్చే కెమెరా ఇలాంటి మార్పు దగ్గర ఆగదు. గమనించే కెమెరా ఆగుతుంది. దాని విలువ ఇక్కడే ఉంది.

సారాంశం

గమనించడం అంటే ఊరికే చూడటం కాదు. దేని పక్కన దేన్ని ఉంచాలో, ఎవరి అనుమతితో చూడాలో నిర్ణయించుకోవడం. వాన్ డెర్ కోకెన్ మొదటి పనిని గొప్పగా చేశాడు. రెండో ప్రశ్నను తన తరువాతివారికి, అంటే ఫోనులోనే కెమెరా ఉన్న మనకు కూడా, మిగిల్చాడు.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

1. హాన్‌స్ట్రా, వాన్ డెర్ కోకెన్ పద్ధతుల మధ్య ప్రధాన భేదం ఏమిటి?
2. మీ ఊరిలో ఒక పనిని అరగంటసేపు గమనించండి. మీరు చూసినదేదో, అడిగి తెలుసుకున్నదేదో వేరుచేసి ఒక పుటలో రాయండి.