యాస వదలని గొంతు

మాది శ్రీకాకుళం. తొలిసారి రేడియో నాటకంలో వేషం దొరికినప్పుడు ‘ఏమిటి’ అనాల్సిన చోట ‘ఏటి’ అన్నాను. రిహార్సల్ ఆగిపోయింది. యాస పోయాక రమ్మన్నారు. మూడు నెలలు అద్దం ముందు నిలబడి పోగొట్టుకున్నాను. ఆ బాధ ఇప్పటికీ ఉంది.

జపాన్ నటి కినుయో తనాకా గొంతు వింటే అది మళ్లీ కదులుతుంది. 1931లో షోచికు సంస్థకు హేయినోసుకే గోషో తీసిన ‘మదాము తో న్యోబో’ జపాన్‌కు తొలి పూర్తి టాకీ. పక్కింటి జాజ్ మోతకు నాటకం రాయలేక సతమతమయ్యే రచయిత కథ. అతని భార్య తనాకా. అప్పటికామెకు 21 ఏళ్లు, మూకీల్లో ఏడేళ్ల అనుభవం. కానీ ఆమె గొంతు ప్రేక్షకులకు తెలీదు. తెర పక్కన నిలబడి కథ చెప్పే బెన్షీయే ఆమె మాటలూ పలికేవాడు. హాలుకో బెన్షీ, హాలుకో గొంతు!

ఈ సినిమాకు తర్వాత డబ్బింగ్ చెప్పుకునే వీల్లేదు. సంగీతం కావాలంటే వాద్యబృందం కెమెరాకు కనబడకుండా అక్కడే కూర్చుని వాయించాల్సిందే. షిమొనొసెకిలో పుట్టి, ఒసాకాలో బీవా వాయిస్తూ పెరిగిన పిల్ల తనాకా. ఆ పడమటి జపాన్ యాసతోనే, కాస్త గారాలు పోతూ మొగుణ్ని ‘అనాతా’ అని పిలిచింది. అచ్చం మన ‘ఏమండీ’. జనం ఆ గొంతును గుండెల్లో పెట్టుకున్నారు.

టాకీలొచ్చాక బెన్షీలకు పని పోయింది. దర్శకుడు అకిర కురోసావా అన్న హేయిగో కూడా బెన్షీయే. వాళ్ల సమ్మెకు ముందు నిలిచి, 1933లో తన ప్రాణం తానే తీసుకున్నాడు. తనాకా గొంతుకు మురిసిపోతున్నప్పుడల్లా నాకు అతనూ గుర్తొస్తాడు. ఇద్దరిదీ నోటితో బతికే పనే.

1974లో ‘సాందకాన్ నంబర్ 8’లో తనాకా అమకుసా దీవుల ముసలమ్మగా వేసింది. మరుసటి ఏడు బెర్లిన్‌లో ఉత్తమ నటి బహుమతి అందుకుంది. ఆ వేషానికి ఆమె పలికింది క్యూషూ పల్లె మాట. ఇన్నాళ్లు తన గుడిసెలో ఉండి వెళ్లిపోతున్న అమ్మాయిని, వాడిన తువ్వాలు ఇచ్చి వెళ్లమంటుంది. ఇచ్చాక దాన్ని పట్టుకుని ఏడుస్తుంది. అక్కడికొచ్చేసరికి నేను సబ్‌టైటిళ్లు చదవడం మానేసి, కళ్లు మూసుకుని వింటాను.