పాట చెప్పేది, బొమ్మ చూపేది

బి. నర్సింగరావు పేరు వచ్చినప్పుడల్లా చిత్రకారుడు, ఫోటోగ్రాఫర్, కవి, దర్శకుడు అని ఒక పట్టీ చదవడం మనకు అలవాటు. ఇన్ని కళలు ఒక్కరికి ఎలా అబ్బాయన్న మెప్పు అందులో ఉంది. ఆ మెప్పు చాటున అసలు సంగతి మరుగున పడుతోంది. ‘మాభూమి’ (1980), ‘రంగుల కల’ (1983), ‘మా ఊరు’ (1987), ‘దాసి’ (1988), ‘మట్టి మనుషులు’ (1990) వరసగా చూస్తే, ఆయన చేసింది కళల్ని కలపడం కాదు, వాటి మధ్య పని పంచడం అని తెలుస్తుంది. ఏది పాట చెప్పాలి, ఏది బొమ్మ చూపాలి, ఎక్కడ పాట తప్పుకోవాలి అన్నది ప్రతి సినిమాలోనూ తేల్చుకున్నారు. ఆ పంపకం ఆయనతో మొదలైంది కాదు. ఓరుగల్లు చుట్టుపక్కల ఊళ్ళలో పటం కథ చెప్పేవాళ్ళు తరతరాలుగా పాటించిందే. ర్యాప్ పాడుతూ, కెమెరా పట్టుకుని, తమ బస్తీ కోసం కొట్లాడుతున్న నేటి యువతకు పనికొచ్చే విద్య కూడా ఇదేనని నా వాదన.

పటం కథ సంగతి కొంచెం వివరంగా చూడాలి. చేర్యాల ఇప్పుడు సిద్దిపేట జిల్లాలోకి వెళ్ళింది కానీ, 2016 దాకా వరంగల్ జిల్లాదే. అక్కడ పటాలు గీసే నకాషీలు నేతబట్టకు గంజి, సుద్దమట్టి, ఉడికించి నూరిన చింతగింజల ముద్ద, జిగురు కలిపి పూత మీద పూత వేస్తారు. అది ఆరాక ఎర్రటి నేల పరిచి, దాని మీద మనుషుల్ని, చెట్లను, జంతువులను నిలబెడతారు. పాత పటాలు మూడడుగుల వెడల్పుతో ముప్పై నలభై అడుగుల పొడవు దాకా ఉండేవి. కథ గడులు గడులుగా కిందికి దిగుతుంది, గడికీ గడికీ నడుమ పూల అంచు. పద్మశాలీలకు మార్కండేయ పురాణం చెప్పే కూనపులివాళ్ళ పటం వేరు, ముదిరాజులకు కథ చెప్పే కాకి పడగలవాళ్ళ పటం వేరు, మాదిగలకు జాంబ పురాణం చెప్పే డక్కలివాళ్ళ పటం వేరు. కథకుడు చుట్ట విప్పుతూ కర్రతో ఒక్కో గడిని తాకుతాడు. బొమ్మలోని ముఖాలకు పెద్దగా తేడా ఉండదు. అతనెవరు, ఎవరి మీద కోపం, అన్యాయం ఎక్కడ మొదలైంది అన్నవి గొంతు చెబుతుంది. ఒంటి రంగు, చేతిలోని వస్తువు, ఎవరు ఎత్తున కూర్చున్నారు, ఎవరు నేలమీద ఉన్నారు అన్నవి బొమ్మ చూపుతుంది. చూపినదాన్ని గొంతు మళ్ళీ వర్ణిస్తూ కూర్చోదు. ఇక జాంబ పురాణం లాంటి కథలో ఒక కులం తన పుట్టుకను తానే చెప్పుకుంటుంది, పెద్ద పురాణాలు తనకు ఇచ్చిన స్థానాన్ని ఒప్పుకోనంటుంది. దరువు, బొమ్మ, ఆత్మగౌరవం ఒకే చుట్టలో ఉన్న కళ ఇది.

దీని పక్కన హిప్ హాప్‌ను పెట్టి చూడడం కొందరికి అతికినట్టు ఉండదు. బ్రాంక్స్ ఎక్కడ, చేర్యాల ఎక్కడ అని అడగవచ్చు. పోలిక పుట్టినచోట లేదు, పనితీరులో ఉంది. 1973 ఆగస్టులో న్యూయార్క్ బ్రాంక్స్‌లో డీజే కూల్ హెర్క్ ఒక వేడుకలో వాయించాడు. పాటలో దరువు ఒక్కటే మిగిలే చోటును పట్టుకుని, రెండు రికార్డులతో దాన్నే సాగదీయడం ఆయన పట్టు. ఆ దరువు మీద మాట ఎక్కింది, మరోవైపు రైలు పెట్టెల మీదికి బొమ్మ ఎక్కింది. అధికారులు పెట్టెలు కడిగించేవారు, కడిగాక మిగిలేది ఫోటో ఒక్కటే. అలా రైళ్ళను ఫోటోలు తీస్తూ వచ్చిన హెన్రీ చాల్ఫంట్, దర్శకుడు టోనీ సిల్వర్‌తో కలిసి 1983లో ‘స్టైల్ వార్స్’ డాక్యుమెంటరీ తెచ్చారు. అదే ఏడాది ఇక్కడ ‘రంగుల కల’ వచ్చింది. గ్యాలరీల లోకంలో ఇమడలేక కష్టజీవుల వైపు నడిచే చిత్రకారుడి కథ అది. ఆ పాత్ర నర్సింగరావే వేశారు, గద్దర్ పాడారు. ఎవరి పని ఎవరికీ తెలియకుండానే రెండు చోట్లా ఒకే ప్రశ్న లేచింది: బొమ్మ ఎవరి గోడ మీద ఉండాలి? తేడా కూడా ఒప్పుకోవాలి. ర్యాప్‌లో ‘నేను’ ముందుంటుంది. మన పాటలో వంత ఉంటుంది. ఒకరు ఎత్తుకుంటే పదిమంది అందుకుంటారు, కాబట్టి చెప్పిన మాటకు అక్కడికక్కడే సాక్షులు దొరుకుతారు.

వంతలోని ఈ బలాన్ని గుర్తెరిగి వాడుకున్నది జననాట్య మండలి. 1970ల మొదట్లో హైదరాబాద్‌లో నర్సింగరావు ముందుండి నడిపిన ఆర్ట్ లవర్స్ బృందమే ఆ మండలిగా మారింది, గద్దర్ అక్కడి నుంచే ఎదిగారు. జనం నోట ఉన్న బాణీని తీసుకుని కొత్త మాట ఎక్కించడం వాళ్ళ పద్ధతి. బాణీ ముందే తెలుసు గనుక వినేవాడి మనసంతా మాట మీదే ఉంటుంది. ఒగ్గు కథలోనూ ఇదే చూస్తాం. జనగామ దగ్గరి మాణిక్యపురం నుంచి వచ్చిన చుక్క సత్తయ్య కథ నడుపుతుంటే, డోలు దరువు ఎక్కడ ఆగిందో అక్కడే అసలు మాట పడేది. పాటకున్న శక్తి ఎంతో చెప్పడానికి 1990 మే నెలలో వరంగల్‌లో జరిగిన రైతు కూలీ సంఘం మహాసభ చాలు, గద్దర్ పాటకు లక్షల జనం కదిలారు. ‘మాభూమి’లో ఈ శక్తిని వాడిన తీరు గమనించండి. కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారంగా, డాక్యుమెంటరీలు తీస్తున్న బెంగాలీ యువకుడు గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో, నర్సింగరావు, రవీంద్రనాథ్ నిర్మించిన సినిమా అది. సాయుధ పోరాట కాలంలో బండి యాదగిరి కట్టిన ‘బండెనక బండి’ పాటను కథానాయకుడి పెదవుల మీద పెట్టలేదు. గద్దరే తెరమీదికి వచ్చి, పాటగాడు పాటగాడిగానే పాడతాడు. నిజాం రాజ్యం మీద నేరం మోపే పని ఆ గొంతుది. ఆ రాజ్యంలో పల్లె ఎలా ఉండేదో చూపే పని మిగతా సినిమాది.

ఆ తర్వాత నర్సింగరావు పాటను తగ్గించుకుంటూ వచ్చారు. ‘మా ఊరు’ డాక్యుమెంటరీలో పల్లె బతుకును వ్యాఖ్యానం లేకుండా చూపారు. ఫలానాది చూడండి అని చెవిలో చెప్పే గొంతు లేకపోతే చూసేవాడు తానే వెతుక్కోవాలి, చేతులు ఏం చేస్తున్నాయో కనిపెట్టాలి. ‘దాసి’కి వచ్చేసరికి ఈ పద్ధతి పండింది. దొర గడీలో దాసిగా ఉన్న కమలాక్షి మాట్లాడేది చాలా తక్కువ. కాళ్ళు కడగడం, ఊడవడం, పిలిస్తే వెళ్ళడం, నిలబడి ఉండడం — వీటితోనే ఆమె స్థితి మనకు అర్థమవుతుంది. ఆ సినిమాకు వచ్చిన జాతీయ పురస్కారాలు అయిదు. ఉత్తమ తెలుగు చిత్రం, ఉత్తమ నటి అర్చన పోగా మిగిలిన మూడూ కంటికి ఆనే పనికే దక్కాయి: ఎ.కె. బీర్ ఛాయాగ్రహణానికి, తోట వైకుంఠం కళా దర్శకత్వానికి, సుదర్శన్ దుస్తులకు. చీరకట్టు, ఇత్తడి సామాను, గోడల రంగు తప్పుగా ఉంటే ఆ మౌనాన్ని ఎవరూ నమ్మరు. మాట మానేసిన కళాకారుడు వస్తువు విషయంలో అబద్ధం ఆడే హక్కు కోల్పోతాడు.

పాట తగ్గితే పోరాటం కూడా చల్లబడలేదా అని ఉద్యమం వైపు నుంచి ఒక అభ్యంతరం వస్తుంది. పేదరికాన్ని అందంగా చూపి చిత్రోత్సవాల్లో బహుమతులు తెచ్చుకోవడమే కదా అన్నది దాని తోడబుట్టిన విమర్శ. ఇందులో నిజం లేకపోలేదు. అందం కోసమే తీసిన పల్లె ఫోటోలు మన క్యాలెండర్ల నిండా ఉన్నాయి. కానీ వరంగల్ బిడ్డ, 2022 జనవరిలో కన్నుమూసిన గుడిమల్ల భరత్ భూషణ్ ఫోటోలు చూసినవాళ్ళు ఆ మాట అంత తేలిగ్గా అనలేరు. పత్రికల్లో పనిచేస్తూ ఆయన దశాబ్దాల పాటు తెలంగాణ పల్లెను, బతుకమ్మను, ఆడవాళ్ళను, పాత ఇళ్ళ తలుపుల్ని, గోడల్ని తీశారు. అక్కడ అందం ఫోటోగ్రాఫర్ పూసింది కాదు. ఆ గోడకు రంగు వేసిన మనిషిది, ఆ పూలు పేర్చిన చేతిది. భాషను, యాసను, పండుగను చిన్నచూపు చూసిన రోజుల్లో, మా బతుక్కి ఒక తీరు ఉందని చూపడం కూడా పోరాటమే. ‘దాసి’ చల్లబడిన సినిమా అనడానికీ నాకు నోరు రాదు. దొరతనం మీద అంత కఠినమైన తీర్పు నినాదాలున్న సినిమాల్లోనూ అరుదు.

ఇంతకన్నా బరువైన అభ్యంతరం మరొకటి ఉంది. గజ్వేల్ దగ్గరి ప్రజ్ఞాపూర్‌లో కలిగిన కుటుంబంలో 1946లో పుట్టిన మనిషి దాసి కథ చెప్పడం ఏమిటి, కెమెరా ఎవరి చేతిలో ఉంది అన్న ప్రశ్న. దీనికి నర్సింగరావు సినిమాల్లో సగం జవాబే దొరుకుతుంది. ఆయన చూపు నిజాయితీ గలది, అయినా అది పక్కన నిలబడి చూసిన చూపే. మిగతా సగం జవాబు జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో ఉంది. దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత మహిళలు వీడియో కెమెరా నేర్చుకుని తమ విత్తనాల మీద, తమ పంటల మీద తామే సినిమాలు తీశారు, 2008లో సంఘం రేడియో కూడా పెట్టుకున్నారు. పై నుంచి కిందికి చూసే కోణాన్ని వాళ్ళు పటేల్ షాట్ అన్నారు. కంటికి కన్ను సమానంగా ఉండేదాన్ని సంఘం షాట్ అన్నారు. కెమెరా కోణంలో కులం, భూమి ఉంటాయని ఎవరూ చెప్పకుండానే వాళ్ళకు తెలుసు. నర్సింగరావు పంపకానికి వీళ్ళు చేర్చిన షరతు ఇది: బొమ్మ చూపితే సరిపోదు, ఏ ఎత్తు నుంచి చూపుతోందో కూడా లెక్కలోకి వస్తుంది.

ఇక నేటి యువత సంగతి. తమిళనాట దర్శకుడు పా. రంజిత్ 2017లో మొదలుపెట్టిన క్యాస్ట్‌లెస్ కలెక్టివ్ గానా పాటకు ర్యాప్ జోడించి కులాన్ని నిలదీసింది. తెలుగులోనూ దరువు తెలిసిన పిల్లలకు కొదవ లేదు, ఫోన్‌లో మంచి కెమెరా ఉంది. లోపం ఎక్కడంటే, చాలా వీడియోల్లో పాట ‘ఆకలి’ అంటే బొమ్మ ఖాళీ కంచం చూపుతుంది, పాట ‘కోపం’ అంటే బొమ్మ పిడికిలి చూపుతుంది. రెండూ ఒకే మాట అరుస్తాయి, నడుమ పై నుంచి డ్రోన్ షాట్ ఒకటి. 1934లో మొదలై మూతబడ్డ ఆజంజాహి మిల్లు మీద వరంగల్ యువకుడు రేపు ఒక ర్యాప్ డాక్యుమెంటరీ తీస్తాడనుకుందాం. ఎవరి కొలువు పోయింది, బకాయి ఎంత, సంతకం ఎవరిది అన్నవి పేర్లతో సహా పాటలోకి రావాలి, వంత పాడేది ఆ కార్మికుల ఇళ్ళవాళ్ళే కావాలి. కెమెరా మాత్రం మగ్గం మీద ముప్పై ఏళ్ళు పనిచేసిన మనిషి ఎదురుగా, ఆయన కూర్చున్న ఎత్తులోనే కూర్చుని, ఆయన వేళ్ళ మీద నిలవాలి. అంతసేపూ పాట ఆగే ఉండాలి.